మూగదనుకున్న గేమ్‌ప్యాడ్



పోయిన నెల ఒక సాయంకాలం నేను వీధి అరుగు మీద కూర్చుని పేపరు చదువుకుంటూ ఉండగా మా పక్కింటి కుర్రవాడు మొహం వేలాడేసుకుని వచ్చాడు. వాడు ఎనిమిదో తరగతి చదువుతున్నాడు. ఇంట్లో అందరూ వాణ్ణి చంటి అంటారు. నేనూ అలాగే అంటాను. వాడి చేతిలో ఒక నల్లటి గేమ్‌ప్యాడ్ ఉన్నది. దాని తీగ నేలమీద ఈడుస్తున్నది.

"ఏమిరా, అలా ఉన్నావు?" అని అడిగాను.

"ఇది చచ్చిపోయింది, తాతగారూ!" అన్నాడు చంటి.

సంగతి ఏమిటంటే, అది వాడి మేనమామ చదువుకునే రోజుల్లో కొనుక్కున్న గేమ్‌ప్యాడ్. ఆయన ఉద్యోగానికి వెళ్ళిపోతూ దాన్ని మేనల్లుడికి ఇచ్చాడు. ఈమధ్య పరీక్షల్లో మంచి మార్కులు వచ్చాయని ఆ మామే చంటికి ఒక కార్ల పందెం ఆట కొనిపెట్టాడు. ఆట కంప్యూటరులో చక్కగా నడుస్తున్నది. కాని గేమ్‌ప్యాడ్ మీద ఏ మీట నొక్కినా కారు మాత్రం కదలదు. బళ్ళో స్నేహితులు, "అది పాతకాలంది. పారేసి కొత్తది కొనుక్కో," అన్నారట.

నేను కళ్ళజోడు సవరించుకుని, దాన్ని అటూ ఇటూ తిప్పి చూసి, "నిజమే నాయనా. దీనికి కాలం చెల్లినట్టున్నది," అనేశాను. అని, మళ్ళీ పేపరులో తల దూర్చాను.

చంటి కదలలేదు. "అమ్మ జాకెట్లు కుట్టి దాచుకున్న డబ్బు తీసి కొత్తది కొంటానంటున్నది. నాకిష్టం లేదు, తాతగారూ," అన్నాడు మెల్లిగా. కాస్సేపు ఆగి, "అదీగాక, పాత ఆటల్లో ఇది పనిచేస్తూనే ఉన్నది," అన్నాడు.

ఆ చివరి మాట వినేసరికి నేను పేపరు కింద పెట్టాను. చచ్చిన వస్తువు ఒకచోట బతికి ఉండటమూ, మరొకచోట చచ్చి ఉండటమూ ఎలా సాధ్యం? పైగా ఆ మాట నాకు ముప్పై అయిదేళ్ళ నాటి ఒక సంగతిని గుర్తుచేసింది. అది తలుచుకుంటే నాకు ఇప్పటికీ సిగ్గుగా ఉంటుంది. దాన్ని చివర చెబుతాను. ముందు గేమ్‌ప్యాడ్ కథ వినండి.

ఏదైనా పని చేయటం లేదంటే ముందు చేయవలసింది పరీక్ష. తీర్పు చెప్పటం తరవాత. నేను తీర్పు ముందు చెప్పేశాను. కనుక లేచి చంటితో వాళ్ళ ఇంటికి వెళ్ళాను. విండోస్ కంప్యూటరులో యు.ఎస్.బి. గేమ్ కంట్రోలర్లను సరిచూసుకునేందుకు ఒక చిన్న కిటికీ ఉన్నది. అది తెరిచి, "ఊఁ, నొక్కు," అన్నాను. చంటి ఒక మీట నొక్కాడు. తెర మీద 3 అనే అంకె ఉన్న ఎర్రదీపం వెలిగింది. మరొకటి నొక్కాడు. 2 వెలిగింది. ఎడమ కాడను తిప్పాడు. గడిలో ఉన్న చిన్న గుర్తు దాని వెంబడే తిరిగింది. పన్నెండు మీటలూ వెలిగాయి, రెండు కాడలూ కదిలాయి.

"చూశావా? ఇది నిక్షేపంలా ఉన్నది! మాట్లాడుతూనే ఉన్నది. వినవలసినవాళ్ళు వినటం లేదు," అన్నాను.

మరి ఎందుకు వినటం లేదు? అది తెలియాలంటే గేమ్‌ప్యాడ్ ఏం మాట్లాడుతుందో తెలియాలి.

గేమ్‌ప్యాడ్ లోపల పెద్ద మాయ ఏమీ లేదు. మీట అనేది ఇంట్లో దీపం మీట వంటిదే. నొక్కితే విద్యుత్తు ప్రవహిస్తుంది, వదిలితే ఆగుతుంది. బొటనవేలితో తిప్పే కాడ సంగతి వేరు. పాత రేడియోలో శబ్దం పెంచే బిరడా చూశారా? దాన్ని తిప్పినకొద్దీ లోపలి నిరోధం మారుతుంది. చంటి గేమ్‌ప్యాడ్ వంటివాటిలో కాడ అడుగున అటువంటివే రెండు ఉంటాయి: ఒకటి కుడి ఎడమలకు, ఒకటి పైకీ కిందికీ. అక్కడి విద్యుత్తు ఎంత ఉన్నదో లోపలి చిన్న చిప్పు కొలిచి, దాన్ని ఒక అంకెగా మారుస్తుంది. పాత గేమ్‌ప్యాడ్లు చాలావాటిలో ఆ అంకె 0 నుంచి 255 వరకు ఉంటుంది. కాడ ఎడమకు పూర్తిగా వంగితే 0, కుడికి పూర్తిగా వంగితే 255, మధ్యలో ఉంటే ఇంచుమించు 128. ఇటువంటి అంకెలను గేమ్‌ప్యాడ్ సెకనుకు ఎన్నోసార్లు తీగ ద్వారా కంప్యూటరుకు పంపుతూ ఉంటుంది. అంతే, దాని మాటలన్నీ అంకెలే!

ఇక ఆ మాటలను ఆటకు చేరవేసే పద్ధతి కాలాన్నిబట్టి మారుతూ వచ్చింది. 1981లో ఐ.బి.ఎం. వారి పి.సి. వచ్చినప్పుడు ఆటల కాడలను తగిలించటానికి పదిహేను సూదుల ప్లగ్గు ఉండేది. అప్పటి పద్ధతి తమాషా అయినది. కాడలోని నిరోధం గుండా ఒక కెపాసిటరు నిండటానికి ఎంతసేపు పట్టిందో చూసి, కాడ ఎంత వంగిందో కంప్యూటరు తెలుసుకునేది. సన్నని కుళాయి కింద చెంబు నిండటానికి ఎంతసేపు పట్టిందో చూసి కుళాయి ఎంత తిరిగిందో చెప్పినట్టన్నమాట!

1995లో విండోస్ 95 వచ్చింది. ఆ ఏడే మైక్రోసాఫ్ట్ వారు ఆటల కోసం డైరెక్ట్‌ఎక్స్ అనే సాధనాలు తెచ్చారు. వాటిలో మీటలూ కాడలూ చెప్పేది వినటానికి ఏర్పడిన భాగానికి డైరెక్ట్‌ఇన్‌పుట్ అని పేరు. 1996లో యు.ఎస్.బి. పద్ధతి ప్రకటించారు. పదిహేను సూదుల ప్లగ్గు క్రమంగా మూలపడింది.

డైరెక్ట్‌ఇన్‌పుట్ చాలా ఉదారమైనది. ఎవరు ఎటువంటి పరికరం చేసినా అది కాదనదు. ఒక పరికరానికి 128 మీటల వరకు ఉన్నా ఒప్పుకుంటుంది. విమానపు కాడ, కారు చక్రం, గేమ్‌ప్యాడ్ అన్నిటికీ అందులో చోటు ఉన్నది. కాని ఆ ఔదార్యంలోనే ఒక చిక్కు ఉన్నది. "ఒకటో మీట నొక్కారు," అని మాత్రమే అది చెబుతుంది. ఆ ఒకటో మీట పైన ఉన్నదా, కింద ఉన్నదా, కుడి పక్కన ఉన్నదా అన్నది చెప్పదు. ఒక కంపెనీవారి ఒకటో మీట మరొక కంపెనీవారికి మూడోది కావచ్చు. అందుచేత కొత్త ఆట పెట్టినప్పుడల్లా, "దూకటానికి ఏ మీట? ఆగటానికి ఏ మీట?" అని ఆడేవాళ్ళు వరసగా చెప్పుకోవలసి వచ్చేది.

2005లో మైక్రోసాఫ్ట్ వారి ఎక్స్‌బాక్స్ 360 వచ్చింది. దానితోపాటు ఎక్స్‌ఇన్‌పుట్ అనే కొత్త పద్ధతి వచ్చింది. ఇందులో అంతా కచ్చితం. రెండు కాడలు, నాలుగు దిక్కుల మీట, ఎ, బి, ఎక్స్, వై అనే నాలుగు మీటలు, భుజాల మీద రెండు, తుపాకి మీటల వంటి ట్రిగ్గర్లు రెండు, ఇంకా కొన్ని. ఏది ఎక్కడ ఉండాలో ముందే నిర్ణయమై ఉన్నది. ఇక ఆట రాసేవాళ్ళు ధైర్యంగా "ఎ నొక్కండి" అని తెర మీద రాయవచ్చు. ఆడేవాడు ఏమీ చెప్పుకోనక్కరలేదు. ఈ సుఖం చూసి చాలా ఆటలవాళ్ళు ఎక్స్‌ఇన్‌పుట్‌నే నమ్ముకున్నారు. కొందరు పాత పద్ధతిని బొత్తిగా వదిలేశారు.

నేను ఉపాధ్యాయుణ్ణి గనక నాకు ఇది హాజరుపట్టీలాగా తోస్తుంది. మాష్టారు పట్టీలో ఉన్న పేర్లు మాత్రమే పిలుస్తాడు. పట్టీలో పేరు లేని కుర్రవాడు గుమ్మం దగ్గర నిలబడి ఎంతసేపు "ఉన్నానండీ, ఉన్నానండీ" అన్నా లెక్కలోకి రాడు. చంటి గేమ్‌ప్యాడ్ చేస్తున్నది ఆ పనే. అది గుమ్మంలో నిలబడి పిలుస్తున్నది. ఆట పట్టీలో పేర్లు చదువుకుంటూ పోతున్నది.

అయితే దీనికి ఉపాయం లేదా? లేకేం! రెండు భాషలవాళ్ళ మధ్య మాట కలవాలంటే దుబాసి కావాలి. దుబాసి అంటే రెండు భాషలు తెలిసినవాడు. ఒకరి మాట విని, రెండోవారికి వారి భాషలో చెబుతాడు. కాశీయాత్ర చరిత్ర రాసిన ఏనుగుల వీరాస్వామయ్యగారి పేరు విన్నారా? ఆయన 1830-31లో కాశీయాత్ర చేశాడు. మద్రాసు సుప్రీంకోర్టులో ఆయన ఉద్యోగం అటువంటిదే. కక్షిదారు మాట న్యాయాధిపతికీ, న్యాయాధిపతి మాట కక్షిదారుకీ అర్థమయ్యేట్టు చూడటం!

కంప్యూటరులో ఇటువంటి దుబాసీలను ఎమ్యులేటర్లు అంటారు. అంటే మరొకదానిలా నడుచుకునేవి. మనకు కావలసినదాని పేరు ఎక్స్‌బాక్స్ 360 కంట్రోలర్ ఎమ్యులేటర్. పొడి అక్షరాల్లో ఎక్స్ 360 సి.ఇ. అంటారు.

ఈ పేరు తెలిసిన మాట నిజమే గాని, అది సంపాదించటంలో మేము ఒక తెలివితక్కువ పని చేశాం. చంటి ఇంటర్నెట్‌లో పేరు కొట్టి, మొదట కనిపించిన పేజీ తెరిచాడు. అక్కడ "దించుకోండి, దించుకోండి" అని అయిదారు పెద్ద మీటలు ఉన్నాయి. ఏది అసలుదో, ఏది ప్రకటనో తెలియలేదు. అన్నిటికంటే పెద్దదాన్ని నొక్కాడు. పక్కనే ఉండి నేనూ వద్దనలేదు. మరుక్షణం నుంచి ఆ కంప్యూటరులో ఎక్కడ చూసినా ప్రకటనలే! చంటి కళ్ళల్లో నీళ్ళు తిరిగాయి. వాళ్ళమ్మ కుట్టుమిషను ఆపి వచ్చి చూసి, "పోనీండి మాష్టారూ, కొత్తదే కొందాం," అన్నది.

"ఒక్క ఆదివారం దాకా ఓపిక పట్టమ్మా," అన్నాను.

నా దగ్గర పదో తరగతి చదివిన ఒక కుర్రవాడు ఇప్పుడు మా ఊళ్ళోనే కంప్యూటర్లు బాగుచేస్తున్నాడు. ఆదివారం నాడు వచ్చి, ముందు ఆ ప్రకటనల పీడ వదలగొట్టాడు. "మాష్టారూ, ఇటువంటివి రాసినవాళ్ళ సొంత పేజీ నుంచే దించుకోవాలి. పెద్ద మీటలు చూసి మోసపోకూడదు," అని నాకు పాఠం చెప్పాడు. నేను చేతులు కట్టుకుని విన్నాను.

తరవాత అతను గేమ్‌ప్యాడ్ను తిరగేసి చూశాడు. "ఏం వెతుకుతున్నావు?" అన్నాను. కొన్ని గేమ్‌ప్యాడ్లలో రెండు భాషలూ ఉంటాయట. 2010లో వచ్చిన లాజిటెక్ ఎఫ్ 310 అనే దాని వెనక ఒక చిన్న స్విచ్చి ఉన్నది. దాన్ని డి వైపు జరిపితే డైరెక్ట్‌ఇన్‌పుట్, ఎక్స్ వైపు జరిపితే ఎక్స్‌ఇన్‌పుట్. అటువంటిది ఉంటే దుబాసి అక్కరలేదు. స్విచ్చి జరిపితే చాలు. మరొకటి కూడా అడిగాడు: "ఈ ఆట స్టీమ్ లోది కాదు గదా?" స్టీమ్ అనే ఆటల అంగడి ద్వారా ఆడేవాళ్ళకు, దాని లోపలే ఇటువంటి దుబాసి ఉన్నాడు. చంటి గేమ్‌ప్యాడుకు స్విచ్చి లేదు. ఆట స్టీమ్‌లోదీ కాదు. కనుక ఎమ్యులేటరే గతి.

అది ఎలా పనిచేస్తుందో చెబుతాను, శ్రద్ధగా వినండి. ఏ ఆటా అన్ని పనులూ తనే చేసుకోదు. కొన్ని పనులకు సహాయక ఫైళ్ళను పిలుస్తుంది. వాటిని డి.ఎల్.ఎల్. ఫైళ్ళు అంటారు. గేమ్‌ప్యాడ్ సంగతి తెలుసుకోవటానికి చంటి ఆట పిలిచే ఫైలు పేరు ఎక్స్‌ఇన్‌పుట్ 1_3. ఇటువంటి ఫైలు కావలసివచ్చినప్పుడు విండోస్ సాధారణంగా ముందు ఆట ఉన్న ఫోల్డరులోనే వెతుకుతుంది. అక్కడ లేకపోతే తన సొంత ఫోల్డరులో వెతుకుతుంది. మీ అమ్మ చింతపండు కోసం ముందు మన వంటింట్లో చూసి, లేకపోతేనే పొరుగింటికి పంపినట్టు.

ఎమ్యులేటరు పాత రకంలో ఉన్న చమత్కారం ఇక్కడే. అది సరిగ్గా అదే పేరుతో తన ఫైలును ఆట ఫోల్డరులో పెడుతుంది. ఆట "ఎక్స్‌ఇన్‌పుట్!" అని పిలుస్తుంది. ఈ ఫైలు "చిత్తం!" అంటుంది. పగటివేషగాడు పోలీసు వేషం వేసుకువస్తే ఊళ్ళోవాళ్ళు దండం పెట్టినట్టుగా, ఆట దీన్ని నమ్మేస్తుంది. "మొదటి ఆటగాడి కంట్రోలరు ఉన్నదా?" అని అడుగుతుంది. వేషగాడు వెనక్కు తిరిగి పాత గేమ్‌ప్యాడ్ను డైరెక్ట్‌ఇన్‌పుట్ భాషలో అడిగి, వచ్చిన జవాబును ఎక్స్‌ఇన్‌పుట్ భాషలోకి మార్చి, "ఉన్నది, ఎ మీట నొక్కి ఉన్నది," అని చెబుతాడు. ఇదంతా మనం రెప్ప వేసేలోగా ఎన్నో మార్లు జరిగిపోతుంది. కొత్త రకం ఎమ్యులేటరు ఫైలు మార్చకుండా, కంప్యూటరుకే ఒక లేని కంట్రోలరును ఉన్నట్టు చూపించే డ్రైవరును వాడుతుంది. దారి వేరు గాని, పని ఒకటే.

ఒక జాగ్రత్త. ఆటల్లో 32 బిట్లవీ, 64 బిట్లవీ అని రెండు రకాలు ఉన్నాయి. ఆట ఏ రకందో ఆ ఫైలూ ఆ రకందే కావాలి. లేకపోతే రెంటికీ పొసగదు.

ఇక దుబాసికి నిఘంటువు ఇవ్వాలి గదా! ఏ మీటకు ఏది అర్థమో మనమే చెప్పాలి. ఎమ్యులేటరు కిటికీలో కంట్రోలరు బొమ్మ ఉంటుంది. చంటి ఒక్కొక్క మీటే నొక్కుతూ, "మూడోది అంటే ఎ, రెండోది అంటే బి," అని నింపుకుంటూ పోయాడు. ఆ వివరాలన్నీ ఒక చిన్న ఫైలులో రాసి ఉంటాయి. ఒకసారి రాస్తే చాలు.

కాడల విషయంలో కొంచెం లెక్క ఉన్నది. పాత గేమ్‌ప్యాడ్ 0 నుంచి 255 వరకు చెబుతుందని అన్నాను గదా. ఎక్స్‌ఇన్‌పుట్‌కు కాడ అంకెలు −32768 నుంచి 32767 వరకు కావాలి, మధ్యన 0. మరి మార్చటం ఎలా? వచ్చిన అంకెలో నుంచి 128 తీసివేసి, 256 చేత గుణించండి. 128 వస్తే 0 అవుతుంది. 0 వస్తే −32768 అవుతుంది. 192 వస్తే 16384, అంటే కుడివైపు సగం. పెద్ద అంకెలు వచ్చినంత మాత్రాన కొత్త మెట్లు పుట్టవు. పాతదానిలో ఉన్నవి 256 మెట్లే. అనువాదకుడు మాటను పెద్దది చేసి చెప్పగలడు గాని, మూలంలో లేని విషయం కల్పించలేడు.

అన్నీ నింపి, చంటి ఆట తెరిచాడు. తెర మీద ఆట మొదటి పట్టిక వచ్చింది. కాడను పైకి తోస్తే ఎంపిక కిందికి జారింది! కిందికి లాగితే పైకి పోయింది! చంటి తెల్లబోయి నావంక చూశాడు. ఇందులో తప్పు ఎవరిదీ కాదు. పాత గేమ్‌ప్యాడ్లలో కాడ పైకి పోతే అంకె తగ్గుతుంది. ఎక్స్‌ఇన్‌పుట్‌లో పైకి పోతే అంకె పెరుగుతుంది. అందుకని ఆ ఒక్క దిక్కును తలకిందులు చేయమని ఎమ్యులేటరుకు చెప్పాలి. చెప్పగానే సరిపోయింది.

పందెం మొదలయింది. కారు కదిలింది! చంటి వాళ్ళమ్మ గుమ్మంలోకి వచ్చి నిలుచున్నది. కాని కారు తిన్నగా పోక, కొద్దికొద్దిగా కుడి పక్కకు లాగుతున్నది. పరీక్ష కిటికీలో చూస్తే, కాడ వదిలేసినా 128 బదులు 133 చూపుతున్నది. ఏళ్ళ తరబడి మామ వేళ్ళు తిప్పి తిప్పి కాడ కాస్త అరిగిందన్నమాట. అయిదు మెట్ల తేడా, 256 చేత గుణిస్తే 1280. ఇందుకు మందు ఏమంటే, మధ్యకు చుట్టుపక్కల కొంత మేర వచ్చే అంకెలను లెక్కచేయవద్దని చెప్పటం. ఆ మేరను డెడ్ జోను అంటారు. ఎడమ కాడకు 7849 వరకు విడిచిపెట్టవచ్చని మైక్రోసాఫ్ట్ వారే సూచించారు. మేము 2000 పెట్టాం. కారు తిన్నగా పోసాగింది.

ఒక్క చిక్కు మాత్రం మిగిలింది. కొత్త కంట్రోలరులో ట్రిగ్గరును కొంచెం నొక్కితే కారు కొంచెం వేగంగా, గట్టిగా నొక్కితే గట్టి వేగంగా పోతుంది. దాని అంకెలు 0 నుంచి 255 వరకు. చంటి పాత గేమ్‌ప్యాడులో ఆ చోట ఉన్నవి మామూలు మీటలు. నొక్కితే 255, లేకపోతే 0. మధ్య ఏమీ లేదు. అందుచేత మలుపుల దగ్గర కారు గోడకు గుద్దుకుంటున్నది. "దీనికి ఏమీ చేయలేం," అన్నాడు నా శిష్యుడు. నేనూ తల ఊపాను.

చంటి కాస్సేపు ఊరుకున్నాడు. తరవాత, "కుడి కాడ ఊరికే ఉన్నది గదా! దాన్ని పైకి తోస్తే పోవటం, కిందికి లాగితే ఆగటం అని పెట్టకూడదా?" అన్నాడు.

మేమిద్దరం మొహమొహాలు చూసుకున్నాం. ఎమ్యులేటరులో కాడ ప్రయాణంలో సగాన్ని ట్రిగ్గరుగా నియమించే వీలు ఉన్నది. అలాగే పెట్టాం. ఇప్పుడు కాడను కొంచెం తోస్తే కారు మెల్లిగానూ, పూర్తిగా తోస్తే జోరుగానూ పోయింది. పెద్దవాళ్ళం ఇద్దరం వదిలేసినదాన్ని ఎనిమిదో తరగతి పిల్లవాడు సాధించాడు! వాళ్ళమ్మ నవ్వి, చేతిలో ఉన్న డబ్బుల సంచీ మళ్ళీ పెట్టెలో పెట్టుకున్నది.

మీలో ఎవరైనా ఈ పని చేయాలనుకుంటే ఒకటి గుర్తుంచుకోండి. ఇది మీ ఇంట్లో మీరు ఒక్కరే ఆడుకునే ఆటలకు. ఇంటర్నెట్ ద్వారా నలుగురితో పోటీపడే ఆటల్లో మోసాన్ని పట్టుకునే కాపలా ప్రోగ్రాములు ఉంటాయి. ఆట ఫోల్డరులో కొత్త ఫైలు కనిపిస్తే అవి మిమ్మల్ని దొంగ కింద జమకట్టవచ్చు. అక్కడ వేషాలు పనికిరావు. అలాగే, ఏది దించుకోవాలన్నా పక్కన తెలిసిన పెద్దవాళ్ళు ఉండాలి. తెలియని పెద్దవాళ్ళు ఉంటే ఏమవుతుందో నా సంగతి విన్నారు గదా!

ఇప్పుడు నేను చెబుతానన్న పాత సంగతి.

1989లో నేను సీతంపేట ఏజెన్సీలో ఒక చిన్న బడిలో పనిచేసేవాణ్ణి. అప్పుడు అది శ్రీకాకుళం జిల్లాలో ఉండేది. మూడో తరగతిలో ఒక సవర కుర్రవాడు ఉండేవాడు. ఏం అడిగినా పలికేవాడు కాడు. నేల చూపులు చూసేవాడు. నేను రెండు నెలలు చూసి, నా పుస్తకంలో వాడి పేరుకు ఎదురుగా "మందమతి" అని రాసుకున్నాను. ఒకనాడు బోర్డు మీద ఒక లెక్క వేసి, "ఎవరు చెబుతారు?" అన్నాను. ఆ కుర్రవాడు పక్కనున్న పిల్ల చెవిలో ఏదో అన్నాడు. ఆ పిల్లకు సవరా, తెలుగూ రెండూ వచ్చును. లేచి, "నలభై రెండు అంటున్నాడండీ," అన్నది. జవాబు సరిగ్గా నలభై రెండే. ఇంకొక లెక్క వేశాను. అదీ చెప్పాడు. ఇంకొకటి వేశాను. అదీ చెప్పాడు, ఆ పిల్ల నోటితో.

రెండు నెలలుగా వాడు నాకు జవాబులు చెబుతూనే ఉన్నాడు. వాడి భాషలో నేను ఒక్కనాడూ అడగలేదు. ఆ రాత్రి పుస్తకం తీసి ఆ మాట కొట్టేశాను. కలం ఎంత గట్టిగా నొక్కానో, కాగితం చిరిగింది. గిడుగు రామమూర్తి పంతులుగారు పర్లాకిమిడిలో ఉపాధ్యాయుడుగా ఉంటూ సవర భాష నేర్చుకుని, దానికి వ్యాకరణమూ నిఘంటువూ రాశారని నేను ట్రెయినింగులో చదివే ఉన్నాను. పరీక్షలో రాసి మార్కులు తెచ్చుకున్నాను గాని, క్లాసులో మాత్రం గుర్తుకు రాలేదు!

ఆ తరవాత నేను సవర మాటలు కొన్ని నేర్చుకున్నాను. ఆ పిల్లను ఆ కుర్రవాడి పక్కనుంచి కదపలేదు. మరుసటి ఏడు వాడు లెక్కల్లో క్లాసుకు మొదటివాడు.

అందుకే, చిరంజీవులారా, పోయిన నెల చంటి "పాత ఆటల్లో ఇది పనిచేస్తూనే ఉన్నది," అనగానే నా గుండె గుబుక్కుమన్నది. వస్తువు గానీయండి, మనిషి గానీయండి, పలకకపోతే మూగ అని అనేయకండి. మనం ఏ భాషలో అడిగామో ఒకసారి చూసుకోండి. మధ్యన ఒక దుబాసి కావాలేమో ఆలోచించండి. మీకు రెండు భాషలు వస్తే, ఆ దుబాసి మీరే కావచ్చు.

చంటి మేనమామ పండగకు వచ్చి, తన పాత గేమ్‌ప్యాడుతో మేనల్లుడి కొత్త ఆట ఆడాడట. మేనల్లుడి చేతిలో ఓడిపోయాడట కూడా!

ఇక మామూలు ప్రకారం మీకు లెక్క. పాత గేమ్‌ప్యాడ్ 64 అని చెబితే ఎమ్యులేటరు ఎంత అని చెప్పాలి? 255 అని చెబితే ఎంత? మరొకటి, కాస్త కష్టమైనది: 0 వచ్చినప్పుడు −32768 అవుతుందన్నాను. దిక్కును తలకిందులు చేయటానికి దాని గుర్తు మార్చితే ఒక చిక్కు వస్తుంది. ఆ చిక్కు ఏమిటి? దాన్ని మీరైతే ఎలా తీరుస్తారు? ఆలోచించి పుస్తకంలో రాసుకోండి. వచ్చే నెల సరిచూసుకుందాం.

ఆశీస్సులతో,
మీ హెడ్మాష్టరు తాతయ్య